చేతితో గీసే యానిమేషన్‌లో మా అమ్మాయికి బతుకుదెరువు ఉంటుందా?

ప్రశ్న: మాది గుంటూరు. నేను మిర్చి యార్డులో గుమస్తాగా పనిచేస్తున్నాను. మా అమ్మాయి ఇంటర్ మొదటి సంవత్సరం ఎంపీసీ చదువుతోంది. చిన్నప్పటి నుంచీ బొమ్మలు గీస్తుంది. పాతకాలం సినిమాల్లో లాగా చేతితో గీసే యానిమేషనే చేస్తానని పట్టుబడుతోంది. ఆ పని ఇంకా ఉన్నదా? విజయవాడలో ఒక శిక్షణ సంస్థ వారు ఏడాది కోర్సు చేస్తే ఉద్యోగం ఖాయమంటున్నారు. ముందు బీటెక్ చదివించి, తరువాత చూద్దామని నా ఆలోచన. ఆమె నోటు పుస్తకంలోని కొన్ని పేజీలు పంపుతున్నాను.

సమాధానం: నమస్కారం. మీరు పంపిన పేజీలను రెండు మూడు సార్లు చూశాను. మొదటి ఎనిమిది పేజీల్లో ఉన్నవి జపాన్ కార్టూన్లను చూసి దించిన ముఖాలు. శ్రద్ధగా గీసినవే అయినా అన్నీ ఒకే వైపుకు తిరిగి, ఒకే తీరుగా చూస్తున్నాయి. తొమ్మిదో పేజీ మాత్రం వేరు. అందులో మీ యార్డులో మిర్చి టిక్కీని, అంటే బస్తాను, వీపున వేసుకుంటున్న హమాలీని ఆమె వరుసగా అయిదు చిన్న బొమ్మల్లో గీసింది. మూడో బొమ్మలో టిక్కీ ఇంకా వీపు మీదికి రాలేదు, కానీ అతని మోకాళ్లు అప్పటికే వంగాయి, మెడ ముందుకు చాచుకున్నది, ఎడమ కాలి వేళ్లు నేలను గట్టిగా పట్టుకుని ఉన్నాయి. బరువు మీద పడకముందే ఒళ్లు దానికి సిద్ధమవుతుందన్న సంగతిని ఎవరూ చెప్పకుండానే ఆ పిల్ల కనిపెట్టింది. యానిమేషన్ నేర్పేవారు దీనిని యాంటిసిపేషన్ అంటారు. డిస్నీ సంస్థలో దశాబ్దాలపాటు బొమ్మలు గీసిన ఫ్రాంక్ థామస్, ఓలీ జాన్‌స్టన్ 1981లో వివరించిన పన్నెండు సూత్రాలలో ఇదొకటి. నేను చెప్పబోయేదంతా ఆ తొమ్మిదో పేజీని చూసి చెబుతున్నదే.

ఈ పని ఎంత ఓపికను కోరుతుందో మీరు ముందుగా తెలుసుకోవాలి. సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు, అంటే 24 నిశ్చల చిత్రాలు, నడుస్తాయి. చేతితో గీసే యానిమేషన్‌లో సాధారణంగా ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు నిలిపి ఉంచుతారు కనుక సెకనుకు 12 బొమ్మలు కావాలి. గంటన్నర సినిమాలో 1,29,600 ఫ్రేములు ఉంటాయి; తెర మీద ఎప్పుడూ ఒక్క పాత్రే కదులుతున్నదనుకున్నా దాదాపు 65,000 బొమ్మలు గీయాలన్న మాట. ముఖ్య యానిమేటర్ కదలికలోని కీలక భంగిమలను గీస్తే, వాటి మధ్య బొమ్మలను ఇన్‌బిట్వీనర్ పూరిస్తాడు, ఆ తరువాత మరొకరు గీతలను శుభ్రం చేస్తారు. పెగ్ బార్‌కు, అంటే కాగితాలు కదలకుండా పట్టి ఉంచే మేకుల పట్టీకి, తగిలించిన కాగితాలను కింద దీపం వెలిగే బల్ల మీద పెట్టుకుని, నాలుగైదింటిని వేళ్ల సందున ఇరికించి, ముందుకూ వెనక్కూ తిప్పుతూ కదలిక సాఫీగా ఉన్నదో లేదో చూసుకుంటూ ఏళ్ల తరబడి గడపడమే ఈ వృత్తి. ప్రపంచమంతా పేరెరిగిన జపాన్ దర్శకుడు హయావో మియజాకి కూడా 1963లో అక్కడి తోయీ స్టూడియోలో చేరింది ఇన్‌బిట్వీనర్‌గానే.

మన దేశంలో ఈ జీవితం ఎలా సాగిందో చెప్పడానికి యానిమేటర్ రామ్ మోహన్ గారి ఉదాహరణ చాలు. రసాయన శాస్త్రం చదువుకున్న ఆయన 1956లో బొంబాయిలోని ప్రభుత్వ చిత్ర నిర్మాణ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ కార్టూన్ విభాగంలో చేరి, డిస్నీ నుంచి శిక్షణ ఇవ్వడానికి వచ్చిన క్లెయిర్ వీక్స్ దగ్గర పని నేర్చుకున్నారు. తరువాత మన ఎల్.వి. ప్రసాద్ గారి ప్రసాద్ ప్రొడక్షన్స్‌లో యానిమేషన్ విభాగాన్ని నడిపారు, 1972లో సొంత స్టూడియో పెట్టుకున్నారు. 2014లో పద్మశ్రీ అందుకుని, 2019లో కన్నుమూశారు. అయితే ఆ స్టూడియోను ఇన్నేళ్లు నిలబెట్టినవి పూర్తి నిడివి సినిమాలు కావు. వ్యాపార ప్రకటనలు, బోధనా చిత్రాలు, ఇతరుల సినిమాల్లో వచ్చే చిన్న చిన్న యానిమేషన్ భాగాలు ఆయనకు తిండి పెట్టాయి. జపాన్ వారితో కలిసి రామాయణాన్ని యానిమేషన్ చిత్రంగా తీసే అవకాశం వచ్చేసరికి ఆయన వృత్తిలోకి వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. మీ అమ్మాయి మనసులో ఉన్నది సినిమా. నెలనెలా ఇంటి అద్దె కట్టేది బహుశా ప్రకటన. ఈ రెండింటినీ సమానమైన శ్రద్ధతో గీయగలదా అని ఆమెనే అడగండి.

ఇక ఇప్పటి సంగతి. డిస్నీ సంస్థ 2000 దశకంలోనే చేతి యానిమేషన్ నుంచి చాలావరకు తప్పుకున్నది. జపాన్‌లో మాత్రం అది సజీవంగా ఉన్నది. మియజాకి చేతిగీత సినిమాకు 2024లో కూడా ఆస్కార్ వచ్చింది. మన దగ్గర టీవీ కోసం తయారయ్యే టూడీ ధారావాహికల్లో ఎక్కువ భాగం కటౌట్ పద్ధతిలో నడుస్తాయి. తోలుబొమ్మకు కీళ్ల దగ్గర ముడి వేసి ఆడించినట్టే, పాత్ర చేతులు, కాళ్లు, తల విడివిడిగా గీసి, కంప్యూటర్‌లో కీళ్లు అమర్చి కదిలిస్తారు. ప్రతి ఫ్రేమునూ కొత్తగా గీసే ఉద్యోగాలు మన దేశంలో చాలా తక్కువ, ఈ మాటను మీ దగ్గర దాచను. పైగా ఒకప్పుడు కొత్తవారు లోపలికి వచ్చే గుమ్మం ఇన్‌బిట్వీనింగ్, క్లీనప్ పనులే. ఇప్పుడు సాఫ్ట్‌వేర్ మొదట మింగుతున్నవి కూడా వాటినే. స్టోరీబోర్డు (కథను వరుస బొమ్మల్లో చెప్పడం), లేఅవుట్ (దృశ్యంలో ఏది ఎక్కడ ఉండాలో అమర్చడం), క్యారెక్టర్ డిజైన్ (పాత్రల రూపకల్పన) చేసేవారికి మాత్రం టూడీలోనైనా త్రీడీలోనైనా పని ఉంటుంది. ఈ మూడింటికీ కావలసినది సెకన్ల మీద ఒక భంగిమను పట్టుకోగల చేయి, అంటే తొమ్మిదో పేజీలో కనిపించిన చేయే. ఇంజనీరింగ్ చదివినవారి తొలి జీతాలతో పోల్చి లెక్క వేసుకోకండి, మొదటి కొన్నేళ్లు ఇక్కడ రాబడి తక్కువగానూ, పని ఒప్పందాల మీదనూ ఉంటుంది.

బీటెక్ గురించి మీ ఆలోచన తప్పేమీ కాదు, కానీ దాని షరతులు తెలిసి నిర్ణయించుకోవాలి. అహ్మదాబాద్‌లోని నేషనల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ డిజైన్ (ఎన్ఐడీ)లో యానిమేషన్ ఫిల్మ్ డిజైన్ నాలుగేళ్ల డిగ్రీగా ఉన్నది. ప్రవేశానికి ప్రిలిమ్స్, మెయిన్స్ అని రెండు దశల పరీక్ష రాయాలి, ఇంటర్‌లో ఏ గ్రూపు అయినా ఫరవాలేదు. అయితే వయోపరిమితి ఉన్నది కనుక బీటెక్ పూర్తయ్యాక ఆ డిగ్రీకి వెళ్లడం సాధారణంగా కుదరదు. మీ దగ్గరలోనే 2015లో మొదలైన ఆంధ్రప్రదేశ్ ఎన్ఐడీలో కమ్యూనికేషన్ డిజైన్ చదవవచ్చు గానీ అక్కడ యానిమేషన్ ప్రత్యేక శాఖ కాదు. హైదరాబాద్‌లోని జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయంలో యానిమేషన్‌లో బీఎఫ్ఏ, అంటే లలితకళల డిగ్రీ, ఉన్నది. మన రాష్ట్ర విద్యార్థులకు వర్తించే నిబంధనలను ఆ ఏటి నోటిఫికేషన్‌లో చూసుకోండి. ఒకవేళ బీటెక్కే చదివితే, ఆ తరువాత డిజైన్ పీజీ ప్రవేశానికి పెట్టే సీడ్ పరీక్ష రాసి ఐఐటీ బొంబాయిలోని డిజైన్ విభాగంలో యానిమేషన్ ఎండిజైన్‌కు, అంటే డిజైన్‌లో పీజీకి, ప్రయత్నించవచ్చు. కాబట్టి దారి మూసుకుపోదు. కానీ నాలుగేళ్లు పెన్సిల్ పక్కన పెట్టిన చేయి మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టవలసి వస్తుంది. నా సలహా అడిగితే, ఈ ఏడాదీ వచ్చే ఏడాదీ ఇంటర్ చదువుతోపాటే డిజైన్ ప్రవేశ పరీక్షకు తయారు కానివ్వండి, సీటు రాకపోతే మీ బీటెక్ ఆలోచన అలాగే ఉంటుంది.

విజయవాడలోని ఆ సంస్థకు ఇప్పుడే డబ్బు కట్టవద్దని గట్టిగా చెబుతున్నాను. ఉద్యోగం ఖాయమన్న మాటను బట్టి కాక, గత రెండేళ్లలో అక్కడ చదివిన ముగ్గురు విద్యార్థుల షోరీళ్లు, అంటే తాము చేసిన పనిలోంచి ఏర్చి కూర్చిన చిన్న వీడియోలు, చూపించమని అడిగి, వాటిని బట్టి నిర్ణయించుకోండి. ఏ స్టూడియోలోనైనా మొదట అడిగేది షోరీలే. సర్టిఫికెట్ ఎక్కడిదన్న ప్రశ్న ఆ తరువాతే వస్తుంది. సాఫ్ట్‌వేర్ నేర్చుకోవడానికైతే క్రిటా, ఓపెన్‌టూంజ్ రెండూ ఉచితంగా దొరుకుతాయి.

అంతకంటే ముందు ఒక పరీక్ష పెట్టండి. సెలవు రోజున ఆమెను మీతో యార్డుకు తీసుకువెళ్లి, హమాలీలను ఒక గంటసేపు చూసి గీసుకోనివ్వండి. ఇంటికి వచ్చాక, టిక్కీ వీపు మీదికి వచ్చి కుదురుకునే రెండు సెకన్ల కదలికను 24 కాగితాల మీద గీసి, ఒక్కో కాగితాన్నీ ఫోన్‌తో ఫొటో తీసి వరుసగా నడిపి చూడమనండి. మొదటిసారి టిక్కీ దూదిమూటలా తేలిపోతుంది, అందరికీ అలాగే అవుతుంది. అప్పుడు పక్కన పడేసి లేస్తుందా, ఏడో కాగితమో తొమ్మిదోదో తప్పని పట్టుకుని మళ్లీ గీస్తుందా అన్నది మీరు ఏమీ అనకుండా గమనించండి. మూడోసారి గీసినదానిని నాకు పంపితే చూసి రాస్తాను.