టెక్ సందేహాలు: ఏ చెయ్యో చెప్పకపోతే కోడ్ ఒప్పుకోదు

సార్, మాది విజయవాడ పటమట. మెడికల్ కోడింగ్‌లో (బిల్లుల కోసం జబ్బు పేర్లని కోడ్‌లుగా మార్చే పని) చేరి నాలుగు నెలలైంది, అమెరికా పేషెంట్ల చార్ట్‌లు చేస్తాను. తొమ్మిదేళ్ల పాప, జువెనైల్ రుమటాయిడ్ ఆర్థ్రైటిస్, చేతి వేళ్ల వాపు. ఎం08.04 వేస్తే సాఫ్ట్‌వేర్ ఎర్రగా ఇన్‌వాలిడ్ అంటోంది. పక్క సీటు ఫ్రెండ్ చివర 9 పెట్టెయ్ పాసైపోతుంది అన్నాడు. ఏఐ యాప్‌ని అడిగితే రెండు చేతులకీ కలిపి ఎం08.043 అని చెప్పింది. ఏది కరెక్ట్?

ముగ్గురిలో సాఫ్ట్‌వేరే కరెక్ట్. పటమట అని రాసి డోర్ నంబర్ రాయకపోతే కొరియర్ అబ్బాయి కనీసం ఫోన్ చేసి అడుగుతాడు, సాఫ్ట్‌వేర్ అదీ చెయ్యదు, ఎర్ర గీత పెట్టి కూర్చుంటుంది. ఎం08 అంటే పిల్లల కీళ్లవాతం, తర్వాత సున్నా అంటే రుమటాయిడ్ రకం, అందులో ఇంకా వివరం లేనిది, 4 అంటే చెయ్యి. ఏ చెయ్యో ఆరో స్థానంలో రావాలి: కుడికి 1, ఎడమకి 2. అంటే ఎం08.041, ఎం08.042. మీ ఫ్రెండ్ చెప్పిన 9 ఉంది, ఎం08.049, కానీ అది కుడో ఎడమో చార్ట్‌లో ఎక్కడా లేనప్పుడు వాడాల్సింది, వెతకడానికి బద్ధకించినప్పుడు కాదు. పాసవడం వేరు, కరెక్టవడం వేరు, ఆడిట్ రోజు ఆ ఫ్రెండ్ మీ పక్కన ఉండడు. మీరు పంపిన చార్ట్ సారాంశంలోనే (పాప పేరు, పుట్టిన తేదీ తీసేసి పంపినందుకు సంతోషం, అందరూ అలా చెయ్యరు) మొదటి పేజీలో ఉత్త 'హ్యాండ్' అని ఉన్నా, కింద డాక్టర్ పరీక్షించిన చోట ఎడమ చూపుడు వేలు, మధ్య వేలు వాచాయని ఉంది కదా. కాబట్టి ఎం08.042.

ఇక ఆ ఎం08.043. అలాంటి కోడ్ లేదు. 1 కుడి, 2 ఎడమ అయితే 3 రెండూ అయ్యుంటుందని ఆ యాప్ ఊహించుకుంది, కొన్ని ఇతర జబ్బుల కోడ్‌లలో 3 నిజంగానే రెండు వైపులకీ ఉంటుంది కాబట్టి ఆ ఊహ నమ్మేలాగే ఉంది, అదే ప్రమాదం. మణికట్టు దగ్గర కూడా జాగ్రత్త, దానికి వేరే అంకె, ఎం08.03 వరస. డాక్టర్ పాసీఆర్టిక్యులర్ (కొద్ది కీళ్లకే వచ్చినది) అని రాస్తే ఎం08.44 వరసకి, రుమటాయిడ్ అనకుండా ఉత్త జువెనైల్ ఆర్థ్రైటిస్ అంటే ఎం08.94 వరసకి వెళ్తారు. సోరియాసిస్‌తో వచ్చిందైతే అసలు ఎం08లోనే ఉండదు, ఎల్40.54.

చూసుకోవడానికి యాప్ కొనక్కర్లేదు. అమెరికా ఆరోగ్య సంస్థ సీడీసీ సైట్‌లో ఐసీడీ-10-సీఎం (మీరు వాడే ఈ జబ్బుల కోడ్‌ల అమెరికా జాబితా) బ్రౌజర్ టూల్ ఉచితం. ఇంకా మంచిది ఆర్డర్ ఫైల్ అనే టెక్స్ట్ ఫైల్. అందులో ప్రతి కోడ్ పక్కన 0 గానీ 1 గానీ ఉంటుంది, 0 అంటే అది శీర్షిక మాత్రమే, బిల్లుకి పనికిరాదు, 1 అంటే పూర్తి కోడ్. ఒక చిక్కుంది, ఆ ఫైల్‌లో కోడ్‌లకి చుక్క ఉండదు, చుక్కతో వెతికితే ఏమీ దొరకదు, కోడే లేదనుకుని టెన్షన్ పడతారు. పైగా ఏటా అక్టోబర్ 1న కొత్త జాబితా వస్తుంది, పాపని డాక్టర్ చూసిన తేదీకి ఏ జాబితా అమల్లో ఉందో అదే తెరవండి, మీరు కోడ్ వేస్తున్న తేదీది కాదు.

మాది గుంటూరు బ్రాడీపేట. మా అమ్మాయికి ఇదే జబ్బు. ఇన్సూరెన్స్ క్లెయిమ్ కాగితంలో ఆసుపత్రివాళ్లు ఎం08.0 అని మాత్రమే రాశారు. నెట్‌లో చూస్తే అది చెల్లదని వస్తోంది. పెన్‌తో నేనే మిగతా అంకెలు చేర్చెయ్యనా?

వద్దమ్మా, పెన్ను పక్కన పెట్టండి. నెట్‌లో మీకు కనిపించింది అమెరికా వాళ్లు తమ బిల్లుల కోసం పొడిగించుకున్న జాబితా. మన క్లెయిమ్ ఫారాల్లో అడిగేది ఐసీడీ-10, ప్రపంచ ఆరోగ్య సంస్థ జాబితాలో ఎం08.0 పూర్తి కోడే, ఏ కీలో చెప్పే అంకె అందులో ఐచ్ఛికం. ఆ కోడ్‌లు ఉండే పార్ట్-బి ఆసుపత్రి నింపాల్సిన భాగం, దాంట్లో మీ చేతిరాత కనిపిస్తే లేని అనుమానం మీరే తెచ్చిపెట్టినట్టవుతుంది. మీరు చూడాల్సింది ఒక్కటే, డిశ్చార్జ్ సమ్మరీలో జబ్బు పేరు, ఫారంలో జబ్బు పేరు ఒకటేనా అని. తేడా ఉంటే ఆసుపత్రి ఇన్సూరెన్స్ డెస్క్‌లోనే మార్పించుకోండి. కాగితాలన్నీ ఫోన్‌లో స్కాన్ చేసి ఫైల్ పేరు తేదీతో మొదలుపెట్టండి, సంవత్సరం ముందు, తర్వాత నెల, రోజు. ఇది ఏళ్ల తరబడి నడిచే వైద్యం కాబట్టి ఆ వరస మీకు చాలాసార్లు పనికొస్తుంది.

అరండల్‌పేట నుంచి. ప్రపంచ ఆరోగ్య సంస్థ కొత్త జాబితా ఐసీడీ-11 కోడ్‌లు ఎక్సెల్‌లో ఎక్కిస్తున్నాను. ఎఫ్ఏ24 బాగానే ఉంది, 1ఇ50 కొడితే 1.00ఇ+50 అయిపోతోంది. వైరస్సా?

వైరసే, కాకపోతే కంప్యూటర్‌ది కాదు! 1ఇ50 అంటే అక్యూట్ వైరల్ హెపటైటిస్, అంటే వైరస్ వల్ల కొత్తగా వచ్చిన కాలేయ వాపు. మధ్యలో ఆ అక్షరం ఉండేసరికి ఎక్సెల్ దాన్ని ఒకటి పక్కన యాభై సున్నాలనుకుంది. ఎఫ్ఏ24 అక్షరంతో మొదలవుతుంది కాబట్టి, పాపం, బతికిపోయింది. కొట్టే ముందే కాలమ్ మొత్తాన్ని ఫార్మాట్ సెల్స్‌లో టెక్స్ట్ చెయ్యండి, తర్వాత చేస్తే పోయింది తిరిగి రాదు. సీఎస్‌వీ ఫైల్‌ని డబుల్ క్లిక్ చేసి తెరవకండి, డేటా ట్యాబ్‌లోంచి తెచ్చుకోండి. కొత్త మైక్రోసాఫ్ట్ 365 అయితే ఆప్షన్స్‌లో డేటా కింద ఆటోమేటిక్ డేటా కన్వర్షన్ అని ఉంటుంది, అక్కడ ఇ అక్షరం చుట్టూ ఉన్న అంకెల్ని సంఖ్యగా మార్చే టిక్ తీసేస్తే సరి. సున్నాకి బదులు ఓ అక్షరం పడుతోందని కూడా రాశారు కదా, ఐసీడీ-11లో ఆ గొడవ లేకుండా ఓ, ఐ అక్షరాలే వాడలేదు, కాబట్టి ఆ కాలమ్‌లో ఓ కనిపించిందంటే అది మీ టైపింగే.