మియాషా గంటసేపు కాల్చినా లోపల ముద్దగానే ఎందుకు ఉంటోంది?

ముందు మీ ప్రశ్న సారాంశం. ఆపిల్, పియర్ వేసి ఇటాలియన్ బ్రెడ్ పుడ్డింగ్ చేశారు. 400 గ్రాముల శాండ్‌విచ్ బ్రెడ్ ప్యాకెట్ మొత్తం, ముప్పావు లీటరు పాలు, 4 గుడ్లు, అరకప్పు కార్న్ ఫ్లోర్, కిలో దాకా పళ్లు వాడారు. 20 సెంటీమీటర్ల కేకు టిన్నులో గంట కాల్చారు. పైన ఎర్రగా అయింది, లోపల మాత్రం జిగురు ముద్ద. రోజ్‌మేరీ అనే సువాసన ఆకు లేకపోతే ఏం వేయాలి, గుడ్డు లేకుండా కుదురుతుందా అని కూడా అడిగారు.

మీరు చేయబోయింది మియాషా. ఉత్తర ఇటలీలోని లొంబార్డీలో, కోమో సరస్సు చుట్టుపక్కల ఊళ్ల వంట. ఎండిపోయిన రొట్టెను పారేయకుండా పాలలో నానేసి, చేతికి దొరికిన పళ్లు, ఇంట్లో ఎప్పుడూ ఉండే మొక్కజొన్న పిండి కలిపి కాల్చుకునే పేదింటి తీపి. అందుకే కొలతలు ఇంటింటికీ మారతాయి. పుడ్డింగ్ అని పిలిచినా ఇది కస్టర్డ్‌లా వణకకూడదు. 3.5 సెంటీమీటర్ల ఎత్తున, చాకుతో కోస్తే ముక్క నిలబడే తడి కేకు అనుకోండి. డబల్ కా మీఠా అలవాటున్న చేతికి ఇక్కడే పొరపాటు జరుగుతుంది. అందులో నేతిలో వేగిన ముక్కలు పాకం పీల్చుకుని కూడా విడివిడిగా నిలవాలి. ఇందులో రొట్టె రూపమే మిగలకూడదు.

మీ ముద్దకు కారణం ఓవెన్ కాదు, నీళ్ల లెక్క. ఆపిల్, పియర్ రెండింటిలోనూ బరువులో 85 శాతం దాకా నీరే. అంటే కిలో పళ్లతో ముప్పావు లీటరుకు పైగా నీళ్లు పోశారన్నమాట. పాలు ఇంకో ముప్పావు లీటరు. ఇదంతా పీల్చుకోవాల్సిన బ్రెడ్ ఏమో మెత్తటి తాజా బ్రెడ్. దానిలో మూడో వంతుకు పైగా అప్పటికే తేమ. పైగా 20 సెంటీమీటర్ల టిన్నులో ఇంత సరుకు పోస్తే ఎత్తు 7 సెంటీమీటర్లు దాటుతుంది. నడిమికి వేడి చేరేలోపు పైభాగం మాడుతుంది.

24 సెంటీమీటర్ల గుండ్రటి టిన్నుకు నిలకడగా కుదిరే కొలత ఇది: బాగా ఎండిన రొట్టె 250 గ్రాములు, టోన్డ్ పాలు 500 మిల్లీలీటర్లు, గుడ్లు 2, పంచదార 90 గ్రాములు, మైదా 50 గ్రాములు, మొక్కజొన్న పిండి 50 గ్రాములు, తొక్క, గింజలు తీసేశాక ఆపిల్ 250, పియర్ 250 గ్రాములు, కిస్‌మిస్ 60 గ్రాములు, 2 నిమ్మకాయల తొక్క తురుము, చిటికెడు ఉప్పు, వెన్న 30 గ్రాములు, రోజ్‌మేరీ ఒక రెమ్మ. పైన చల్లడానికి ఒక పెద్ద చెంచా పంచదార విడిగా ఉంచుకోండి. ఫుల్ క్రీమ్ పాలు అక్కర్లేదు. 6 శాతం కొవ్వున్న పాలతో రుచి బరువెక్కుతుందే తప్ప ముక్క గట్టిపడదు.

కార్న్ ఫ్లోర్ సంగతి విడిగా చెప్పాలి. మన కొట్లలో ఆ పేరుతో అమ్మే తెల్లటి మెత్తటి పొడి మొక్కజొన్న స్టార్చ్, అంటే సూపులు చిక్కబరచడానికి వాడేది. అరకప్పు స్టార్చ్ పాలలో ఉడికితే జున్నులా జిగురుగా పేరుకుంటుంది. మీకు తగిలిన హల్వా లక్షణంలో సగం దానిదే. ఇటలీలో వేసేది పొలెంటా అనే మొక్కజొన్న సంకటి వండుకునే పసుపుపచ్చ పిండి. ఇక్కడ మక్క పిండి, మొక్కజొన్న పిండి, మక్కీ ఆటా అని దొరికేదే తీసుకోండి. వేళ్ల మధ్య నలిపితే సన్న రవ్వలా గరగరలాడాలి. మరీ బొంబాయి రవ్వంత లావుగా ఉంటే మిక్సీలో ఒక్కసారి తిప్పండి. లేదంటే తినేటప్పుడు ఇసుకలా పంటికి తగులుతుంది.

ఇక బ్రెడ్. అక్కడి మామూలు రొట్టెలో పిండి, నీళ్లు, ఉప్పు, ఈస్టే ఉంటాయి. మన శాండ్‌విచ్ బ్రెడ్‌లో పంచదార, నూనె, మెత్తదనం నిలిపే పదార్థాలు కలుస్తాయి కాబట్టి పాలు తగలగానే పేస్టు అవుతుంది. సావర్‌డో (పులిసిన పిండితో చేసే రొట్టె) గానీ, బేకరీలో గట్టి పెచ్చుతో దొరికే సాదా రొట్టె గానీ ఉత్తమం. లాదీ పావ్ రెండో స్థానం. శాండ్‌విచ్ బ్రెడ్డే దిక్కయితే ముక్కలు చేసి 120 డిగ్రీల్లో 20 నిమిషాలు ఆరబెట్టి, ఆరాక 250 గ్రాములు తూచి, పాలు 400 మిల్లీలీటర్లకు, పంచదార 75 గ్రాములకు తగ్గించండి. ఫ్రిజ్‌లో పెట్టిన బ్రెడ్ చేతికి గట్టిగా తగులుతుంది కదా, అది ఎండిపోయిందని కాదు. స్టార్చ్ గట్టిపడిందంతే, తేమ లోపలే ఉంది. దాన్నీ ఆరబెట్టాల్సిందే. రస్కులు మాత్రం వద్దు. అప్పటికే తీపి, యాలకుల వాసన ఉంటాయి, నానితే పొడిపొడిగా విడిపోతాయి.

పాలు మరిగించక్కర్లేదు, వేలు పెట్టి ఓర్చుకోగలిగేంత వేడి చాలు. రొట్టెను 2 సెంటీమీటర్ల ముక్కలుగా చేసి 400 మిల్లీలీటర్ల పాలు పోయండి, మిగతా 100 పక్కన ఉంచండి. 40 నిమిషాల్లో రెండు మూడు సార్లు పైవి కిందికి, కిందివి పైకి తిప్పాలి. నానిందో లేదో తెలియాలంటే పెచ్చున్న ముక్కను రెండు వేళ్ల మధ్య నొక్కి తుంచండి. తడి దూదిలా విడిపోతే అయింది. మధ్యలో తెల్లగా, పొడిగా ఒక గింజ కనిపిస్తే ఇంకా కాలేదు, మిగిలిన పాలు కొంచెం చల్లి ఇంకో 15 నిమిషాలు ఆగండి. తర్వాత చేత్తోనే మెదపండి, అక్కడక్కడ పెసరగింజంత పలుకు మిగిలినా పర్వాలేదు. మిక్సీలో మాత్రం వేయొద్దు. బ్లేడు తిరిగితే బంక సాగుతుంది, ఇక ఎంత కాల్చినా ఆ సాగుడు పోదు. గిన్నె అడుగున పాలు తేలుతుంటే పారబోయకండి, ఆ పాలలోనే గుడ్లు కొట్టుకోవచ్చు.

మెదిపిన రొట్టె గోరువెచ్చదనానికి దిగాకే గుడ్లు, పంచదార, ఉప్పు, నిమ్మ తొక్క కలపాలి. మన నిమ్మకాయ తొక్క పలుచన, ఒకే చోట రెండోసారి తురిమితే కింద తెల్లపొర వచ్చి చేదెక్కుతుంది. రసం ఇందులో పిండకూడదు, పాలు విరుగుతాయి. ఆపిల్ ముక్కలు నల్లబడకుండా కావాలంటే వాటి మీద నాలుగు చుక్కలు చాలు. తర్వాత మైదా, మొక్కజొన్న పిండి కలిపి 10 నిమిషాలు వదిలేస్తే పిండి తడి పీల్చుకుంటుంది. అప్పుడు చూడండి: పెసరట్టు పిండి కంటే గట్టిగా, గారెల పిండి కంటే వదులుగా ఉండాలి. గరిట ఎత్తితే ధారగా కారకూడదు, ముద్దగా జారిపడాలి. ధార కడితే ఇంకో 20 గ్రాముల మొక్కజొన్న పిండి వేయండి. గరిటకే అంటుకుని కిందపడకపోతే మిగిల్చిన పాలు కొంచెం కొంచెంగా పోయండి.

పళ్లు చివర్లోనే కోయాలి. చాలామంది ముందే కోసి పంచదార కలిపి పక్కన పెడతారు. పావుగంటలో గిన్నె అడుగున నీళ్లు ఊరతాయి, ఆ నీళ్లతో సహా పిండిలోకి వెళ్తాయి. ఆపిల్ 4 మిల్లీమీటర్ల పలుచటి ముక్కలుగా, పియర్ కాస్త లావుగా కోసి, మూడో వంతు పైన పేర్చడానికి ఉంచి మిగతావి కలిపి వెంటనే టిన్నులో పోయాలి. తొడిమ దగ్గర నొక్కితే కొద్దిగా మాత్రమే లొంగే పియర్ కావాలి. చేతిలో మెత్తగా అణిగిపోయేది తినడానికి బాగుంటుంది గానీ ఓవెన్‌లో గుజ్జైపోతుంది. ఆపిల్‌లో పులుపున్న గట్టి గ్రానీ స్మిత్ ముక్క ఆకారం నిలుపుకుంటుంది. నిల్వ ఉండి పిండిపిండిగా మారిన ఎర్ర ఆపిల్ తప్ప వేరే దొరక్కపోతే ముక్కలు లావుగా కోయండి. పళ్లు మరీ రసంగా ఉంటే 10 గ్రాముల వెన్నలో పెద్ద మంట మీద 4 నిమిషాలు వేపి, చల్లార్చి వేయండి. కిస్‌మిస్ గోరువెచ్చటి నీళ్లలో 15 నిమిషాలు నానేసి గట్టిగా పిండాలి. పైన తేలినవాటిని వేలితో లోపలికి నొక్కండి, లేదంటే బొగ్గులవుతాయి.

అక్కడ కాలాన్ని బట్టి ద్రాక్ష, అంజీర కూడా వేస్తారు. ఇక్కడివాళ్లు అడిగే మామిడి మీద నాకు పెద్ద నమ్మకం లేదు. నీరు వదులుతుంది, ఆ వాసన ముందు నిమ్మ తొక్క, రోజ్‌మేరీ రెండూ ఓడిపోతాయి. పచ్చి అనాస, బొప్పాయి ముక్కలు నేరుగా వేస్తే వాటిలోని ఎంజైములు గుడ్డులోని ప్రోటీన్‌ను విరిచి సరిగా గట్టిపడనివ్వవు. వేయాలనే ఉంటే 5 నిమిషాలు ఉడకనివ్వండి.

టిన్నుకు దట్టంగా వెన్న రాసి, మొక్కజొన్న పిండి గానీ బ్రెడ్ పొడి గానీ చల్లి, ఎక్కువైంది దులపండి. ఈ పూత అడుగు అంటకుండా ఆపుతుంది, పళ్ల రసాన్ని కొంత పీలుస్తుంది. పిండి పోసి సమంగా సర్ది, మిగిల్చిన పళ్లు పేర్చి, వెన్న చిన్న చిన్న ముక్కలుగా అక్కడక్కడ పెట్టి, పంచదార, రోజ్‌మేరీ ఆకులు చల్లాలి. ఆకులు సూదుల్లా గట్టిగా ఉంటాయి కాబట్టి సగానికి తరగండి.

ఓటీజీని (ఇంట్లో వాడే చిన్న కరెంటు ఓవెన్) రెండు రాడ్లూ వేసి 180 డిగ్రీల్లో 15 నిమిషాలు ముందే వేడి చేయండి. టిన్ను మధ్య అరకు కాస్త కింద ఉండాలి. 25 లీటర్ల ఓటీజీలో పై రాడ్ చాలా దగ్గర, అందుకే 35 నిమిషాలకు రంగు చూసి పైన ఫాయిల్ వదులుగా కప్పండి. మొత్తం 55 నుంచి 65 నిమిషాలు. ఫ్యాన్ తిరిగే కన్వెక్షన్ అయితే 165 డిగ్రీలు చాలు. గాజు పాత్రకు 10 నిమిషాలు అదనం. ఉడికిందా అని చాకు గుచ్చి చూసే పద్ధతి ఇక్కడ పనిచేయదు, పండు ముక్కకు గుచ్చుకుంటే ఎప్పుడూ తడిగానే వస్తుంది. అంచులు టిన్ను నుంచి విడివడాలి, నడుమ వేలితో నొక్కితే గుంటపడి మళ్లీ లేవాలి. వంట థర్మామీటర్ ఉంటే నడిమిన 94 డిగ్రీలు రావాలి. 80 లోపు తీస్తే మీకొచ్చిన ముద్దే మళ్లీ వస్తుంది.

తీయగానే కోయకండి. వేడిగా ఉన్నప్పుడు స్టార్చ్ ఇంకా గట్టిపడదు, కనీసం గంట టిన్నులోనే ఉంచాలి. మరునాటికి ఇంకా బాగుంటుంది. మన ఎండల్లో, ముఖ్యంగా కోస్తా ఉక్కపోతలో, రాత్రంతా బయట ఉంచొద్దు. ఫ్రిజ్‌లో 3 రోజులు ఉంటుంది. తినేముందు 150 డిగ్రీల్లో 10 నిమిషాలు వేడి చేస్తే అంచులు మళ్లీ కరకరలాడతాయి.

రోజ్‌మేరీ లేకపోతే మానేయండి, నిమ్మ తొక్క ఒక్కటీ చాలు. ఎండబెట్టిన రోజ్‌మేరీ పైన చల్లితే మాడి చేదెక్కుతుంది, అదే ఉంటే పాలలో వేసి వడకట్టుకోండి. కరివేపాకు ఆలోచన ఉంటే విరమించుకోండి. సోంపు మాత్రం అర చెంచా వేయొచ్చు, బాగా కలుస్తుంది. ఈశాన్య ఇటలీలోని వెనెటో వైపు చేసే పిన్జా అనే మొక్కజొన్న కేకులోనూ సోంపు, ఎండు అంజీర, కిస్‌మిస్ వేస్తారు.

గుడ్డు లేకుండా కుదురుతుంది, అయితే అది వేరే ముక్క. రెండు గుడ్ల స్థానంలో 25 గ్రాముల కార్న్ ఫ్లోర్‌ను (ఇక్కడ స్టార్చే కావాలి) 100 మిల్లీలీటర్ల చల్లటి పాలలో కలిపి, సన్న సెగ మీద చిక్కబడేదాకా తిప్పి చల్లార్చి వేయండి. ఆ పాలు మొత్తం 500లోంచే తీయాలి. మొక్కజొన్న పిండి 70 గ్రాములకు పెంచి, పళ్లు 400 గ్రాములకు తగ్గించండి. కాస్త బరువుగా, గట్టిగా వస్తుంది, పొంగదు. పూర్తిగా చల్లారాకే కోయాలి, వేడి మీద కోస్తే పొడిపొడిగా విరిగిపోతుంది.