సమాధానం: కాలిఫోర్నియా స్నేక్‌ఫ్లై అగుల్లానా, నేఘానా?

స్నేక్‌ఫ్లై అంటే పొడవాటి మెడ ఉన్న రెక్కల పురుగు; అగుల్లా, నేఘా అందులో రెండు ప్రజాతులు (దగ్గరి జాతుల గుంపులు). మెడ పొడవు చూసి ఏదో తేల్చలేరండీ, అది రెండింటికీ ఉంటుంది. తల పైభాగాన్ని దగ్గరగా ఫోటో తీయండి. కళ్ల మధ్య మూడు సరళ నేత్రాలు (చుక్కల్లాంటి చిన్న కళ్లు) కనిపిస్తే రాఫిడిడే కుటుంబం, అగుల్లా ఇందులోదే. లేకపోతే ఇనోసెల్లిడే, అంటే అక్కడ నేఘా. రెక్క ముందంచున ఉండే ముదురు మచ్చ కూడా చూడండి: రాఫిడిడేలో దాని గుండా అడ్డ ఈనె పోతుంది, నేఘాలో పోదు. వెలుతురు తలపై మెరిస్తే సరళ నేత్రాలు మాయమైనట్టుంటాయి, చాలామంది బోల్తా పడేది ఇక్కడే.

రాఫిడిడే అని తేలినా వెంటనే అగుల్లా అని రాసేయకండి, అలీనా అనే మరో ప్రజాతి కూడా అక్కడ ఉంది. జాతి దాకా వెళ్లాలంటే మగదాని జననాంగాలు చూడాల్సిందే: 70-80 శాతం ఆల్కహాల్‌లో దాచి, పొట్ట చివరను 10 శాతం పొటాషియం హైడ్రాక్సైడ్‌లో నానబెట్టి సూక్ష్మదర్శిని కింద పెట్టండి. పొట్ట చివర మీరు కొండి అనుకున్నది ఆడదాని అండనిక్షేపకం (గుడ్లు పెట్టే గొట్టం), కుట్టదు.