ఖర్దుంగ్ లా ఎక్కే ముందు రోజులు లెక్కపెట్టుకో

చిరంజీవి మేనకోడలికి, మామయ్య ఆశీస్సులు.

ఆగస్టులో లదాఖ్‌లోని లేహ్ వెళ్లి సైకిల్ మీద ఖర్దుంగ్ లా కనుమ ఎక్కుతావని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. చాలా సంతోషం తల్లీ. గుంటూరు నుంచి వెళ్లి కొండవీడు ఘాట్ ఎక్కి వస్తున్నావట, ఇక నీ కాళ్ల గురించి నాకు బెంగ లేదు. బెంగంతా నువ్వు పెట్టిన ఐదు రోజుల సెలవు గురించే. అది చాలదు.

లేహ్ సుమారు 3,500 మీటర్ల ఎత్తులో ఉంది. కనుమ ఎత్తు 5,359 మీటర్లు, అంటే 17,582 అడుగులు. పైన బోర్డు మీద చాలా ఏళ్లు 18,380 అడుగులని రాసి ఉండేది, దాన్ని పట్టించుకోకు. లేహ్ నుంచి కనుమకి దూరం దాదాపు 40 కిలోమీటర్లు. సగటున వంద మీటర్లకి ఐదు మీటర్లు కూడా ఎక్కవు. కొండవీడులో అంతకంటే నిటారు మలుపులు నువ్వు రోజూ చూస్తున్నావు. బాగా తొక్కగలిగినవాళ్లు అక్కడ తొందరపడేది ఈ లెక్క చూసుకునే. కాళ్లలో ఎంత బలమున్నా, ఎత్తైన చోట ఆక్సిజన్ చాలక వచ్చే ఎత్తు జబ్బుని రాకుండా ఆపలేదు.

కనుమ దగ్గర గాలి ఒత్తిడి మన దగ్గర ఉన్నదాంట్లో దాదాపు సగమే. ఆక్సిజన్ చాలక ఎక్కువగా ఊపిరి పీలుస్తాం. అలా పీల్చేకొద్దీ రక్తంలో కార్బన్ డై ఆక్సైడ్ తగ్గిపోతుంది. అది తగ్గేసరికి మెదడు ఊపిరి వేగాన్ని తగ్గించేస్తుంది, నిద్రలో మరీను. రాత్రిళ్లు ఉలిక్కిపడి లేవడం అందువల్లే. మూత్రపిండాలు రక్తంలోని బైకార్బొనేట్ అనే క్షారాన్ని బయటికి పంపి దీన్ని సరిచేస్తాయి, కానీ ఆ పనికి రోజులు పడుతుంది. డయామాక్స్ బిళ్ల ఆ పనినే కాస్త త్వరగా చేయిస్తుంది. డాక్టర్‌ని అడిగే వేసుకో, సల్ఫా మందులు పడకపోతే ఆ సంగతి ముందే చెప్పు. ఈ సర్దుబాటు కృష్ణ ఒడ్డున ఎంత తొక్కినా రాదు. అక్కడికి వెళ్లి, అక్కడ ఉంటేనే వస్తుంది.

కాబట్టి ఇలా చెయ్యి. గన్నవరం నుంచి ఢిల్లీ, మర్నాడు పొద్దున లేహ్. దిగాక రెండు రోజులు సైకిల్ ముట్టుకోకు. పడుకో, నీళ్లు తాగు, బజారులో మెల్లగా తిరుగు. మూడోరోజు సింధు నది పక్కన తిక్సే మఠం దాకా వెళ్లి రా, అది తేలిక దారి. నాలుగోరోజు సౌత్ పుల్లు చెక్‌పోస్టు దాకా ఎక్కు. అది లేహ్ నుంచి 24 కిలోమీటర్లు, 4,600 మీటర్ల పైన ఉంటుంది. టీ తాగి కిందికొచ్చి లేహ్‌లోనే నిద్రపో. పగలు పైకెక్కి రాత్రి కింద పడుకోవడం శరీరానికి మంచి అలవాటు. ఐదోరోజు విశ్రాంతి. ఆరోరోజు కనుమ. ఆ తర్వాత రెండు రోజులు ఖాళీగా ఉంచు. వాన పడినా, తలనొప్పి వచ్చినా ఆ రెండు రోజులే నిన్ను కాపాడతాయి.

ఎక్కేరోజు తెల్లవారకముందే బయల్దేరు. మధ్యాహ్నానికి మంచు కరిగి పై మలుపుల్లో నీళ్లు రోడ్డు మీదికి వస్తాయి. సౌత్ పుల్లు దాటాక గతుకులు ఎక్కువ, 32 మిల్లీమీటర్ల టైర్లు వేయించు. గేరు ముందు 34 పళ్లు, వెనక కనీసం 34 ఉండాలి. మాట్లాడుతూ తొక్కగలిగినంత మెల్లగా తొక్కు, మాట తెగిందంటే ఆగు. సియాచిన్ వైపు సామాన్లు వెళ్లేది ఈ దారిలోనే, ఆర్మీ ట్రక్కుల వరస వస్తే పక్కకి దిగి నిలబడు.

అక్కడ ఆకలి చచ్చిపోతుంది. ఆవకాయ, కందిపొడి పట్టుకెళ్లు, కారం తగిలితేనే నాలుగు ముద్దలు దిగుతాయి.

ఇప్పుడు నేను గట్టిగా చెప్పేది విను. తలనొప్పి ఉంటే ఆరోజు పైకి ఎక్కొద్దు. కూర్చున్నా ఆయాసం తగ్గకపోయినా, దగ్గులో తడి వినిపించినా, అడుగు ముందు అడుగేసి గీత మీద నడవలేకపోయినా ఎంత రాత్రయినా సరే కిందికి దిగాలి. ఆ సమయంలో నీ బుర్ర నీకు నిజం చెప్పదు, బాగానే ఉన్నాననిపిస్తుంది. అందుకని వెనక్కి తిరగాలా వద్దా అన్న నిర్ణయం నీతో వచ్చే స్నేహితురాలి చేతిలో పెట్టు, ఆమెది నీ చేతిలో. ఈ ఒప్పందం ఇక్కడే, గుంటూరులోనే చేసుకోండి.

పైన పావుగంట చాలు. ఫొటో తీసుకుని, జాకెట్, నిండు గ్లౌజులు వేసుకుని దిగు. దిగేటప్పుడు చలికి వేళ్లు మొద్దుబారి బ్రేకు పట్టు దొరకదు. మలుపుకో చోట ఆగి చేతులు రుద్దుకో.

ఇంకా టికెట్లు కొనకు. ముందు ఆఫీసులో పది రోజుల సెలవు అడుగు, దొరికాక తేదీలు నాకు పంపు. మీ అమ్మతో నేను మాట్లాడతాను.

మామయ్య, విజయవాడ