పత్తి ధర్నా వార్త ఎవరు రాయాలి?

ప్రశ్న: అన్నా, పత్తి రైతులు పొద్దటి నుంచి సాయంత్రం దాకా మార్కెట్ ముందు రోడ్డు మీద కూర్చుంటే తెల్లారి పేపర్లో 'ట్రాఫిక్‌కు అంతరాయం' అని నాలుగు లైన్లు వచ్చాయి. మేమే వీడియోలు తీసి పెడదామనుకుంటున్నాం. అమెరికాలోని సియాటిల్‌లో జనమే వార్తలు పెట్టుకోవడం ఇట్లనే మొదలైందని మా సీనియర్ అంటాడు. ఎక్కడి సియాటిల్, ఎక్కడి మా వరంగల్ ఎనుమాముల మార్కెట్?
- డిగ్రీ విద్యార్థి, హనుమకొండ

జవాబు: మీ సీనియర్ చెప్పింది నిజమే తమ్ముడూ. 1999 నవంబర్ 30న ప్రపంచ వాణిజ్య సంస్థ సమావేశాన్ని అడ్డుకోవడానికి వేల మంది సియాటిల్‌లో రోడ్డెక్కితే, టీవీల్లో ఎక్కువగా కనబడింది పగిలిన షాపు అద్దాలే, జనం ఎందుకొచ్చారన్నది వెనక్కి పోయింది. అప్పుడే ఇండిమీడియా పేరుతో వలంటీర్లు సొంత కేంద్రం పెట్టుకుని, ఎవరి వీడియో, ఎవరి వార్త వాళ్లే నేరుగా నెట్‌లో పెట్టుకునే ఏర్పాటు చేశారు, అదీ యూట్యూబ్ ఇంకా పుట్టని రోజుల్లో. 2020 డిసెంబర్‌లో ఢిల్లీ సరిహద్దుల్లో రైతు శిబిరాల నుంచి 'ట్రాలీ టైమ్స్' పత్రిక పంజాబీ, హిందీల్లో వచ్చింది కూడా ఈ బాధతోనే.

ఎనుమాములతో సంబంధం ఉంది, గట్టిగానే ఉంది. అమెరికా తన పత్తి రైతులకిచ్చే సబ్సిడీలతో ప్రపంచ ధర పడిపోయి తమ రైతులు మునిగిపోతున్నారని బెనిన్, బుర్కినా ఫాసో, మాలి, చాద్ 2003లో మొర పెట్టుకున్నది ఆ వాణిజ్య సంస్థ దగ్గరే. 2025 ఆగస్టులో మన కేంద్రం దిగుమతి పత్తి మీద 11 శాతం సుంకాన్ని ఆ ఏడాది చివరిదాకా ఎత్తేసింది, మన దగ్గర కొత్త పత్తి యార్డుకొచ్చేది సరిగ్గా ఆ నెలల్లోనే. ఇదేదీ చెప్పకుండా ట్రాఫిక్ గురించి రాస్తే అది వార్త ఎట్లయితది?

అయితే నినాదాలు మాత్రమే తీసి పెడితే మీదీ సగం వార్తే. ఒక రైతు తక్‌పట్టీ (పత్తి అమ్మినప్పుడు బరువు, ధర రాసిచ్చే చీటీ) అడిగి చూడండి. 2025-26లో పొడవు పింజ పత్తికి మద్దతు ధర క్వింటాకు 8,110 రూపాయలు, పట్టీ మీద ఎంత పడింది, తరుగు ఎంత తీశారు, తేమ ఎంత చూపించారు (12 శాతం దాటితే మద్దతు ధరకు కొనే ప్రభుత్వ సంస్థ సీసీఐ కొనదు). అడ్తిదారునూ (కమీషన్ ఏజెంటు), మార్కెట్ అధికారులనూ కూడా అడగండి, జవాబివ్వకపోతే ఇవ్వలేదనే రాయండి. పట్టీ ఫొటో పెట్టేటప్పుడు మాత్రం రైతు పేరు, నంబరు కనబడనీయొద్దు, రేపు ఆయన మళ్లీ పత్తి తెచ్చేది అదే అడ్తికి. వారం తర్వాత ఇంకోసారి పోయి, ధర్నా రోజు ఇచ్చిన హామీ ఏమైందో కనుక్కుని అది కూడా పెట్టండి, ఆ రెండో వార్త రాసేవాళ్లు చాలా తక్కువ.