బుజ్జీ, ఆ ఎర్ర లైట్లతో జాగ్రత్త

బుజ్జీ,

"ఆర్నెల్లు సెలవు పెట్టి ట్రాఫిక్ జామ్ గురించి బొమ్మల సినిమా తీస్తుందట, అందులో హారన్లూ లైట్లే తప్ప కార్లే ఉండవట, నువ్వైనా చెప్పు అన్నయ్యా" అని నిన్న మీ అమ్మ ఫోన్లో ఒకటే గోల. గట్టిగా మందలిస్తానన్నాను. ఫోన్ పెట్టేశాక మీ అత్తకి మాత్రం గొప్పగా రెండుసార్లు చెప్పుకున్నాను.

లెక్క చూసుకున్నావా? సెకనుకి 24 ఫ్రేములు. ఒక్కో బొమ్మని రెండు ఫ్రేములు నిలిపినా 3 నిమిషాలకి 2160 బొమ్మలు. సౌండ్ ముందు, బొమ్మలు తర్వాత. హారన్ల రికార్డింగ్‌కి అర్ధరాత్రి అమీర్‌పేట వెళ్ళాలంటే నేనొస్తాను, ఒంటరిగా వెళ్ళావో ఊరుకోను.

బ్రేక్ లైట్లు టపటపా వెలిగే సీన్ ఉందట కదా, నా టెన్షనంతా దాని గురించే.

నీ వయసులో నేనూ ఇదే చేశాను. కెమెరా అద్దెకి డబ్బుల్లేక, పారేసిన 16 ఎంఎం రీలుని బ్లీచింగ్ నీళ్ళలో కడిగి, ఆ ఖాళీ ఫిల్ము మీదే సన్న కుంచెతో గీశాను. కెనడాలో నార్మన్ మెక్‌లారెన్ అనే బొమ్మల సినిమాల దర్శకుడు అలా ఫిల్ము మీదే గీసేవాడని చదివాన్లే. ఒక ఫ్రేము ఎరుపు, ఒక ఫ్రేము నలుపు, అంటే సెకనుకి 12 మెరుపులు. చీకటి హాల్లో వేశాం. ముందు బెంచీ కుర్రాడు ఫిట్స్ వచ్చి పడిపోయాడు. ఎవరో చేతిలో తాళాలగుత్తి పెట్టారు, నిజానికి అలాంటివేం చేయకూడదు, పక్కకి తిప్పి పడుకోబెట్టాలి. నేను ప్రొజెక్టర్ పక్కనే కొయ్యబారిపోయాను, స్విచ్ కట్టేయాలని కూడా తోచలేదు. వాడి తెల్లచొక్కా మీద నా ఎరుపు ఇంకా కొట్టుకుంటూనే ఉంది. కాసేపటికి లేచి మంచినీళ్ళు తాగి "సినిమా అయిపోయిందా అన్నా?" అన్నాడు. ఆ రీలు మళ్ళీ వేయలేదు.

1997లో జపాన్‌లో టీవీ కార్టూన్‌లో ఇలాంటి ఎరుపు నీలం మెరుపులకే 600 మందికి పైగా పిల్లలు ఆసుపత్రి పాలయ్యారని చదివినప్పుడు గానీ అసలు ఏం జరిగిందో నాకు తెలియలేదు.

అందుకే చెప్తున్నా, సెకనుకి మూడు మెరుపులు దాటనీయకు, ముదురు ఎరుపైతే అసలే వద్దు. అయినా జామ్‌లో లైట్లు అలా మెరవవే పిచ్చిదానా! సాయంత్రం ఏడింటికి ఏ ఫ్లైఓవర్ మీంచో చూడు, ముందు బండి బ్రేకు వేస్తే దాని వెనకది, ఆ వెనకది. బండ్లు ముందుకి పోతుంటే ఎరుపు వెనక్కి పాకుతూ వస్తుంది. అది గీయి.

ఆ సీన్ అవగానే ముందు నాకు పంపు. పగటిపూట, గదిలో లైటు వేసుకునే చూస్తాను.

మావయ్య