ఇరవై ఏళ్ల గృహరుణానికి చివరికి ఎంత కడతాం?

హనుమకొండలో ఇల్లు కొనడానికి 30 లక్షల రుణాన్ని 8.5 శాతం వడ్డీకి, 20 ఏళ్ల గడువుతో తీసుకుంటే చివరికి కట్టేది దాదాపు 62.5 లక్షలు, అంటే అసలు కన్నా వడ్డీయే ఎక్కువ.

వడ్డీని ప్రతి నెలా మిగిలి ఉన్న అసలు మీద లెక్కిస్తారు. మొదట్లో బాకీ దాదాపు మొత్తం అలాగే ఉంటుంది కాబట్టి కిస్తీలో పెద్ద భాగం వడ్డీకే పోతుంది. పై రుణానికి నెల కిస్తీ సుమారు 26,035 రూపాయలు. మొదటి నెల అందులో 21,250 వడ్డీ, అసలులో తగ్గేది 4,785 మాత్రమే. సంతకం పెట్టే ముందు బ్యాంకును కిస్తీల పట్టిక అడిగి ఈ రెండు గడులూ తప్పకుండా చూడండి.

మన ఊళ్ల లెక్కలో ఇది నూటికి నెలకు 71 పైసల వడ్డీ. రూపాయి వడ్డీ కన్నా తక్కువే కదా అని చాలామంది నిశ్చింతగా ఉంటారు. రేటు తక్కువే, భారమంతా గడువులో ఉంది. పదేళ్లు కడితే సగం అప్పు తీరిందనుకోవడం కూడా పొరపాటే. అప్పటికి ఇంకా దాదాపు 21 లక్షల బాకీ ఉంటుంది.

ఇదే రుణాన్ని 15 ఏళ్లకు తీసుకుంటే కిస్తీ నెలకు సుమారు 3,500 పెరుగుతుంది, వడ్డీ 9 లక్షలకు పైగా తగ్గుతుంది. అంత కిస్తీ భారమనిపిస్తే, చేతిలో డబ్బు ఉన్నప్పుడు అసలుకు అదనంగా జమ చేయండి. మారే వడ్డీ రేటుతో వ్యక్తులు సొంత ఇంటికి తీసుకున్న రుణాన్ని ముందే తీర్చినా జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు నిబంధన ఉంది.